డీఎల్‌ఎల్ లేదని గేమ్ ఆగిపోతే: ఆ ఫైలు ఎవరిదో ముందు తేల్చుకోండి

#1 గోదారి_గేమర్

నమస్తే అందరికీ. విండోస్ 11, 64 బిట్, కొత్తగా వేసిన సిస్టం. ఏఎండీ గ్రాఫిక్స్ కార్డు. రెండు గేమ్‌లు తెరుచుకోవడం లేదు. రెండిటికీ డీఎల్‌ఎల్‌ల (ప్రోగ్రాంలు నడుస్తూ లోడ్ చేసుకునే కోడ్ ఫైళ్ల) గొడవే.

మొదటిది 2010 నాటి 32 బిట్ గేమ్. "డీ3డీఎక్స్9_43.డీఎల్‌ఎల్ కనబడలేదు" అంటోంది. డీఎక్స్‌డయాగ్ టూల్ తెరిస్తే డైరెక్ట్‌ఎక్స్ (గేమ్‌ల గ్రాఫిక్స్, ధ్వని కోసం విండోస్‌లో ఉండే లైబ్రరీలు) 12 అని చూపిస్తోంది. 12 ఉన్నచోట 9 ఎందుకు లేదు?

రెండోది కొత్త 64 బిట్ గేమ్. మొదట ఎంఎస్‌వీసీపీ140.డీఎల్‌ఎల్ లేదంది. ఒక డీఎల్‌ఎల్ డౌన్‌లోడ్ సైటు నుంచి ఆ ఫైలు దించి సిస్టం32 ఫోల్డర్‌లో పెట్టాను. ఆ మాట పోయి ఇప్పుడు 0ఎక్స్‌సి000007బి అని వస్తోంది. ఎస్‌ఎఫ్‌సీ స్కాన్ (విండోస్ ఫైళ్ల తనిఖీ) నడిపితే తప్పేమీ లేదని చెప్పింది. విండోస్ మళ్లీ వేయాల్సిందేనా?

#2 రన్‌టైమ్_రావు

విండోస్ మళ్లీ వేయనక్కర్లేదండి. రెండూ వేర్వేరు సమస్యలు, మందు కూడా వేర్వేరు.

ముందు 0ఎక్స్‌సి000007బి, పొట్టిగా 7బి సంగతి. 64 బిట్ ప్రోగ్రాం 32 బిట్ డీఎల్‌ఎల్‌ను, లేదా 32 బిట్ ప్రోగ్రాం 64 బిట్ డీఎల్‌ఎల్‌ను లోడ్ చేసుకోబోతే విండోస్ చూపించే కోడ్ అది. ఫైలు దెబ్బతిన్నా అదే వస్తుంది. మీరు దించింది 32 బిట్ ఫైలు అయి ఉంటుంది. దాన్ని సిస్టం32లో పెట్టారు. పేరు చూసి చాలామంది పొరబడేది ఇక్కడే: 64 బిట్ విండోస్‌లో సిస్టం32 ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్ ఫైళ్లు ఉండేది సిస్‌వావ్64లో. పేరులో 64 ఉన్నా లోపలున్నవి 32 బిట్‌వే. పాత ప్రోగ్రాంలు సిస్టం32 అనే పేరునే నమ్ముకుని రాసినవి కాబట్టి, ఆ పేరును మార్చకుండా ఇలా ఉంచేశారు.

చేయాల్సింది ఇది. మీరు పెట్టిన ఆ ఒక్క ఎంఎస్‌వీసీపీ140 ఫైలును సిస్టం32 నుంచి తీసేయండి. మిగతా దేన్నీ ముట్టుకోవద్దు. తర్వాత మైక్రోసాఫ్ట్ సైటు నుంచి విజువల్ సీ++ రీడిస్ట్రిబ్యూటబుల్ (ఎంఎస్‌వీసీపీ140 లాంటి ఫైళ్లు ఉండేది) తాజా ప్యాకేజీ ఎక్స్86 (32 బిట్), ఎక్స్64 (64 బిట్) రెండూ దించి, రెండూ వేసి, రీస్టార్ట్ చేయండి. ముందు తీసేయమన్నది ఎందుకంటే, ఇన్‌స్టాలర్ అక్కడ అదే వెర్షను గానీ అంతకన్నా కొత్తది గానీ కనబడితే దాన్ని అలాగే వదిలేస్తుంది. ఫైలు తప్పుడు రకమైనా దానికి పట్టదు, వెర్షను నంబరే చూస్తుంది.

డీ3డీఎక్స్9_43 సంగతి. డైరెక్ట్‌ఎక్స్ 12 ఉన్నా ఇది రాదు. డీ3డీ9.డీఎల్‌ఎల్ విండోస్‌లో భాగం, అది మీ దగ్గర ఉంది. డీ3డీఎక్స్9 అనేది దాని మీద కట్టిన సహాయక లైబ్రరీ, గేమ్‌తో పాటు వేసుకోవాల్సినది. 24 నుంచి 43 దాకా నంబర్లతో వచ్చాయి. గేమ్ ఏ నంబరు అడిగితే ఆ నంబరే కావాలి. 42 అడిగితే 43 పనికిరాదు. పేరు మార్చి పెట్టకండి.

మైక్రోసాఫ్ట్ వాళ్ల "డైరెక్ట్‌ఎక్స్ ఎండ్ యూజర్ రన్‌టైమ్స్, జూన్ 2010" ప్యాకేజీలో ఇవన్నీ ఉన్నాయి. సుమారు 95 ఎంబీ. నడిపితే ఎక్కడ విప్పాలని అడుగుతుంది. ఖాళీ ఫోల్డర్ ఒకటి చేసి చూపించండి. అక్కడితో ఇన్‌స్టాల్ అయిపోయిందనుకుని చాలామంది ఆపేస్తారు. అది విప్పడం మాత్రమే. ఆ ఫోల్డర్‌లో ఉన్న డీఎక్స్‌సెటప్‌ను మళ్లీ నడపాలి. అది 32, 64 బిట్ ఫైళ్లు రెండూ పెడుతుంది, మీ డైరెక్ట్‌ఎక్స్ 12ను తాకదు. ఎక్స్‌ఇన్‌పుట్1_3, ఎక్స్‌ఆడియో2_7, ఎక్స్3డీఆడియో1_7, డీ3డీకంపైలర్_43 అని అడిగే గేమ్‌లకూ మందు ఈ ప్యాకేజీయే.

ఎస్‌ఎఫ్‌సీ ఏమీ పట్టుకోలేదంటే ఆశ్చర్యం లేదు. అది విండోస్ సొంత ఫైళ్లనే సరిచూస్తుంది. పైన చెప్పిన రెండు ప్యాకేజీల ఫైళ్లూ దాని పరిధిలోకి రావు.

#3 ఓరుగల్లు_బిట్స్

రావు గారూ, ఒక ఫైలు 32 బిట్‌దా 64 బిట్‌దా ఎట్ల గుర్తుపట్టాలె? గేమ్ నడవనే నడవకపోతే టాస్క్ మేనేజర్‌ల కూడా కనబడది కదా.

ఇంకోటి. 140 అంటే ఏ ప్యాకేజో మీకు తెలుసు గాబట్టి చెప్పిన్రు. వేరే నంబర్లొస్తే ఎట్ల?

#4 రన్‌టైమ్_రావు

సులువైన దారి 7-జిప్. ఈఎక్స్‌ఈ మీదో డీఎల్‌ఎల్ మీదో కుడి క్లిక్ చేసి 7-జిప్‌లో తెరిచి ప్రాపర్టీస్ చూస్తే సీపీయూ అన్న వరుసలో ఎక్స్86 అనో ఎక్స్64 అనో ఉంటుంది. ఏ సాఫ్ట్‌వేరూ లేకపోతే ఫైలును నోట్‌ప్యాడ్‌లో తెరవండి. పైనుంచి కొన్ని వరుసల్లోనే పీ, ఈ అన్న రెండు పెద్ద ఇంగ్లిష్ అక్షరాలు పక్కపక్కన కనబడతాయి. వాటి తర్వాత పెద్ద ఎల్ ఉంటే 32 బిట్, చిన్న డీ ఉంటే 64 బిట్. 32 బిట్ గుర్తు 14సి, 64 బిట్ గుర్తు 8664. వాటి మొదటి బైటు అక్షరంగా అలా కనబడుతుంది. చూశాక సేవ్ చేయకుండా మూసేయండి, లేకపోతే ఫైలు పాడవుతుంది.

నంబర్ల లెక్క: ఎంఎస్‌వీసీఆర్ లేదా ఎంఎస్‌వీసీపీ తర్వాత 80 ఉంటే విజువల్ సీ++ 2005, 90 అయితే 2008, 100 అయితే 2010, 110 అయితే 2012, 120 అయితే 2013. 130 లేదు. 140 అంటే 2015, ఆ తర్వాత వచ్చినవన్నీ (వీటిలో ఎంఎస్‌వీసీఆర్ బదులు వీసీరన్‌టైమ్ ఉంటుంది). ఆ తరాలన్నిటికీ ఒకటే ప్యాకేజీ చాలు, కొత్తది పాతదాని స్థానంలోకి వస్తుంది. 2013, అంతకు ముందువి మాత్రం ఒకదానికొకటి బదులు కావు. కంట్రోల్ ప్యానెల్‌లో పది వరుసలు కనబడుతున్నాయని ఒక్కటి ఉంచి మిగతావి తీసేసేవాళ్లు ఉన్నారు. దయచేసి ఆ పని చేయకండి.

2005, 2008 విషయంలో ఇంకో తేడా. ఆ ఫైళ్లు సిస్టం32లో కాకుండా విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ ఫోల్డర్ కింద ఉంటాయి. అవి లేకపోతే డీఎల్‌ఎల్ పేరు రాదు, "సైడ్ బై సైడ్ కాన్ఫిగరేషన్ సరిగా లేదు" అన్న సందేశం వస్తుంది. ఈవెంట్ వ్యూయర్‌లో (విండోస్ ఎర్రర్ల చిట్టా చూపే టూల్) విండోస్ లాగ్స్, అప్లికేషన్ కింద సైడ్‌బైసైడ్ ఎంట్రీ తెరిస్తే ఏ వెర్షను కావాలో పూర్తి నంబరుతో ఉంటుంది.

#5 బెజవాడ_బైట్

వీసీరన్‌టైమ్140 ఉంది కానీ వీసీరన్‌టైమ్140_1 లేదు అంటోంది నాకు. 2017 ప్యాకేజీ వేసి ఉంది. పైన చెప్పినదాని ప్రకారం 140 అంటే అన్నీ ఒకటే కదా?

#6 రన్‌టైమ్_రావు

కొత్త ప్యాకేజీ పాత గేమ్‌లను నడుపుతుంది. పాత ప్యాకేజీ కొత్త గేమ్‌లను నడపలేదు. _1 ఫైలు 2019 తరంతో వచ్చింది, 64 బిట్ ప్రోగ్రాంలలో ఎక్సెప్షన్లను (నడుస్తుండగా వచ్చే లోపాలను) నిర్వహించే కొత్త పద్ధతి కోసం. 2017 ప్యాకేజీలో అది ఉండదు. తాజా ఎక్స్64 ప్యాకేజీ వేయండి. "0ఎక్స్80070666" అని ఇన్‌స్టాలర్ ఆగితే వేరే వెర్షను ముందే ఉందని అర్థం. ఉన్నది ఏ వెర్షనో కంట్రోల్ ప్యానెల్‌లో చూసి, దానికి రిపేర్ కొట్టండి.

#7 మాడ్_మల్లి

ఇక్కడ ఒక మాట కలపాలి. ఎర్రర్‌లో పేరు కనబడగానే అది విండోస్‌దే అనుకుని రీడిస్ట్రిబ్యూటబుల్‌ల వెంట పడుతున్నారు. డీఎల్‌ఎల్‌కు ముగ్గురు యజమానులు ఉండొచ్చు: విండోస్, విడిగా వేసుకునే రన్‌టైమ్, లేదా ఆ గేమే. మూడో రకానికి బయట మందు లేదు.

బింక్‌డబ్ల్యూ32.డీఎల్‌ఎల్ చూడండి. గేమ్‌లలో వీడియోలు ఆడించే బింక్ లైబ్రరీ అది. గేమ్ తయారీదారు లైసెన్సు తీసుకుని తన ఫోల్డర్‌లో పెడతాడు. "బింక్‌సెట్‌వాల్యూమ్ ఎంట్రీ పాయింట్ కనబడలేదు" అన్న ఎర్రర్ ఎన్నో ఏళ్లుగా తిరుగుతోంది. "ఎంట్రీ పాయింట్" అన్న మాట వచ్చిందంటే ఫైలు ఉంది, కానీ గేమ్ పిలిచిన ఫంక్షన్ అందులో లేదు. అంటే వెర్షను వేరు. వేరే గేమ్ నుంచి తెచ్చి పెట్టినా, సిస్టం32లో పారేసినా వచ్చేది ఇదే. ఫ్మాడ్, యూనిటీప్లేయర్, గేమ్‌అసెంబ్లీ, స్టీమ్_ఏపీఐ64 కూడా ఈ కోవలోవే. స్టీమ్‌లో అయితే గేమ్ మీద కుడి క్లిక్, ప్రాపర్టీస్, ఇన్‌స్టాల్డ్ ఫైల్స్, ఆపై వెరిఫై. పోయిన ఫైలు, మారిన ఫైలు మాత్రమే మళ్లీ దిగుతాయి.

వెరిఫై చేశాక మళ్లీ అదే ఫైలు మాయమైతే యాంటీవైరస్ పని. విండోస్ సెక్యూరిటీలో ప్రొటెక్షన్ హిస్టరీ చూడండి. అధికారికంగా కొన్న గేమ్ ఫైలు అని నిర్ధారించుకున్నాకే రిస్టోర్ చేయండి. క్రాక్ చేసిన కాపీలో స్టీమ్_ఏపీఐ ఫైలును మార్చే ఉంటారు. లోపల ఇంకేం చేర్చారో బయటివాళ్లు చెప్పలేరు, దానికి మినహాయింపు ఇవ్వమని నేను ఎవరికీ సలహా ఇవ్వను.

మాడ్‌లు (గేమ్‌ను మార్చే అదనపు ఫైళ్లు) వేసేవాళ్లకు ఇంకొకటి. డీఇన్‌పుట్8, డీ3డీ9, డీఎక్స్‌జీఐ, వెర్షన్, విన్‌ఎంఎం అనే పేర్లతో డీఎల్‌ఎల్‌లు గేమ్ ఫోల్డర్‌లో కనబడితే అవి దాదాపుగా మాడ్ పెట్టినవే. విండోస్ డీఎల్‌ఎల్ కోసం ముందు ఈఎక్స్‌ఈ ఉన్న ఫోల్డర్ వెతుకుతుంది, ఆ తర్వాతే సిస్టం32. అందుకే అక్కడ అదే పేరుతో ఫైలు పెడితే అది ముందు లోడ్ అయి, అసలుదానికి పిలుపులు అందిస్తూ మధ్యలో తన పని చేసుకుంటుంది. రీషేడ్, ఏఎస్‌ఐ లోడర్ అనే మాడ్ టూల్స్ నడిచేది ఈ సూత్రం మీదే. కెర్నెల్32, యూజర్32 లాంటివి మాత్రం "నోన్ డీఎల్‌ఎల్స్" జాబితాలో ఉంటాయి, వాటిని ఎప్పుడూ సిస్టం నుంచే తీసుకుంటుంది. ఆ పేర్లతో ఏం పెట్టినా ఫలితం ఉండదు.

గేమ్ అప్‌డేట్ తర్వాత ఆగిపోతే ముందు ఈ ఫైళ్ల పేర్ల చివర .ఓల్డ్ అని తగిలించి ఒక్కొక్కటిగా ప్రయత్నించండి. వెరిఫై వీటిని పట్టుకోదు. గేమ్ అసలు జాబితాలో లేని ఫైళ్లను అది తుడిచిపెట్టదు.

#8 నల్లమల_నోడ్

నాది ఇంకో రకం. డబుల్ క్లిక్ చేస్తే కర్సర్ ఒక్కసారి తిరిగి ఆగిపోతుంది. ఎర్రర్ బాక్సే రాదు. ఎక్కడ మొదలుపెట్టాలి?

#9 ట్రేస్_తాయారు

ముందు ఈవెంట్ వ్యూయర్. విండోస్ లాగ్స్, అప్లికేషన్, ఈవెంట్ 1000. అందులో "ఫాల్టింగ్ మాడ్యూల్" పేరు, "ఎక్సెప్షన్ కోడ్" రెండూ రాసుకోండి. చివరి అంకెలతో అర్థం చేసుకోవచ్చు. 135 అయితే డీఎల్‌ఎల్ దొరకలేదు. 139 అయితే డీఎల్‌ఎల్ ఉంది, ఫంక్షన్ లేదు. 142 అయితే లోడ్ అయింది, దాని ఆరంభ కోడ్ విఫలమైంది. 7బి పైన చెప్పారు. 0ఎక్స్‌సి0000005 అంటే డీఎల్‌ఎల్‌లన్నీ దొరికాక నడుస్తుండగా తప్పుడు మెమరీని తాకింది. అక్కడ ఫైళ్లు వెతకడం వల్ల చాలాసార్లు లాభం లేదు. 0ఎక్స్‌సి06డి007ఈ అని వస్తే అవసరమైనప్పుడు మాత్రమే లోడ్ చేసుకునే డీఎల్‌ఎల్ ఆ సమయానికి దొరకలేదని.

అక్కడా ఏమీ లేకపోతే మైక్రోసాఫ్ట్ సిస్‌ఇంటర్నల్స్ వాళ్ల ప్రాసెస్ మానిటర్, ప్రోగ్రాం ఏ ఫైళ్లు వెతుకుతోందో చూపే టూల్. అడ్మిన్‌గా నడపండి. ఫిల్టర్‌లో ప్రాసెస్ నేమ్ మీ గేమ్ ఈఎక్స్‌ఈ, పాత్ చివర .డీఎల్‌ఎల్ అని రెండు వరుసలు పెట్టి గేమ్ తెరిచి, ఆగిపోగానే క్యాప్చర్ ఆపండి.

ఇప్పుడు తెర నిండా "నేమ్ నాట్ ఫౌండ్" కనబడుతుంది. భయపడకండి. ఒక్కో ఫోల్డర్‌లో వరుసగా వెతుకుతుంది కాబట్టి, దొరికేదాకా ప్రతి చోటా ఆ మాటే రాస్తుంది. చూడాల్సింది ఒక్కటే: ఏ డీఎల్‌ఎల్ పేరుకు ఎన్ని ఫోల్డర్లు తిరిగినా చివరికి "సక్సెస్" రాలేదో. గేమ్ మూతపడడానికి కాస్త ముందున్న వరుసల్లో అలాంటి పేరుంటే మొదటి అనుమానం దాని మీదే. ఎక్కువసార్లు అది గేమ్ ఈఎక్స్‌ఈ నేరుగా అడిగినది కాదు. గేమ్ ఒక ప్లగిన్‌ను పిలుస్తుంది, ఆ ప్లగిన్‌కు ఇంకొకటి కావాలి, ఆ ఇంకొకటి లేదు. "ఎర్రర్ 126, మాడ్యూల్ కనబడలేదు" అని ప్లగిన్ పేరుతో వచ్చినప్పుడు, ఫైలు కళ్ల ముందే ఉంది కదా అని జుట్టు పీక్కునేవాళ్లకు సమాధానం ఇదే. లేనిది దాని కింద ఆధారపడినది.

ఆ గొలుసును చూడడానికి డిపెండెన్సీస్ అనే ఉచిత టూల్ వాడండి. పాత డిపెండెన్సీ వాకర్ వద్దు. విండోస్ 10 నుంచి ఏపీఐ-ఎంఎస్-విన్ అని మొదలయ్యే పేర్లు చాలావరకు నిజమైన ఫైళ్లు కావు, లోపలే వేరే డీఎల్‌ఎల్‌కు మళ్లే మారుపేర్లు. పాత టూల్‌కు అది తెలియదు కాబట్టి అన్నిటినీ ఎర్రగా చూపించి తప్పుదారి పట్టిస్తుంది.

#10 పాత_పీసీ

రెగ్‌ఎస్‌వీఆర్32తో ఆ డీఎల్‌ఎల్‌ను రిజిస్టర్ చేస్తే సరిపోతుందని ఒక వీడియోలో చూపించారు. చేసి చూడండి.

#11 ట్రేస్_తాయారు

అన్నా, ఇక్కడ అది పనిచేయదు. ఆ కమాండ్ కామ్ (ప్రోగ్రాంలు ఒకదాని భాగాలను ఇంకొకటి వాడుకునే విండోస్ పద్ధతి) డీఎల్‌ఎల్‌ల కోసం. డీఎల్‌ఎల్‌లో "డీఎల్‌ఎల్‌రిజిస్టర్‌సర్వర్" అనే ఫంక్షన్ ఉంటేనే అర్థం ఉంటుంది. ఎంఎస్‌వీసీపీ140లో గానీ డీ3డీఎక్స్9_43లో గానీ అది లేదు, "ఎంట్రీ పాయింట్ కనబడలేదు" అని తిరిగి వస్తుంది. పైగా రిజిస్టర్ చేయడమంటే ఆ ఫైలును అడ్మిన్ హక్కులతో లోడ్ చేయడమే. ఎక్కడిదో తెలియని ఫైలును అలా నడపడం ప్రమాదం.

#12 బెజవాడ_బైట్

తాజా ప్యాకేజీ వేశాక _1 ఎర్రర్ పోయింది. ఇప్పుడు గేమ్ లోగో దాకా వచ్చి మూతపడుతోంది. ఈవెంట్ 1000లో ఫాల్టింగ్ మాడ్యూల్ ఎంఎస్‌వీసీపీ140.డీఎల్‌ఎల్, కోడ్ సి0000005. కంట్రోల్ ప్యానెల్‌లో వెర్షను 14.4తో మొదలవుతోంది, అంటే కొత్తదే.

#13 రన్‌టైమ్_రావు

ఈవెంట్‌లో "ఫాల్టింగ్ మాడ్యూల్ పాత్" కూడా ఉంటుంది, అది చూడండి. సిస్టం32 అని ఉందా, గేమ్ ఫోల్డర్ అని ఉందా?

#14 బెజవాడ_బైట్

గేమ్ ఫోల్డరే. బైనరీస్ కింద విన్64లో ఒక ఎంఎస్‌వీసీపీ140 ఉంది. ప్రాపర్టీస్, డీటెయిల్స్‌లో 14.29.

#15 రన్‌టైమ్_రావు

దొరికింది. మల్లి గారు చెప్పిన వెతుకులాట క్రమమే ఇక్కడ దెబ్బ కొట్టింది. గేమ్ ఫోల్డర్‌లోని పాతది ముందు దొరికింది కాబట్టి సిస్టం32లోని కొత్తదాని దాకా పోలేదు.

క్రాష్ ఎందుకంటే: విజువల్ స్టూడియో 2022లో 17.10 విడుదలతో, అంటే 14.40 తరం లైబ్రరీతో, ఎస్‌టీడీ మ్యూటెక్స్ (ఒకేసారి రెండు పనులు ఒకే డేటాను తాకకుండా ఆపే తాళం) నిర్మాణ పద్ధతి మార్చారు. ఆ కంపైలర్‌తో కట్టిన ప్రోగ్రాం పాత ఎంఎస్‌వీసీపీ140 మీద నడిస్తే, మొదటిసారి మ్యూటెక్స్‌ను లాక్ చేసే చోటే శూన్య చిరునామాను తాకి పడిపోతుంది. "డీఎల్‌ఎల్ లేదు" అన్న సందేశం రాదు. పేరు అదే, ఫంక్షన్లు అవే, లోపలి అమరికే వేరు. గేమ్‌లకు మాడ్‌లు, ప్లగిన్‌లు కొత్త కంపైలర్‌తో కడుతున్న కొద్దీ ఇది పెరిగింది. మీ దగ్గర ఏదైనా మాడ్ అప్‌డేట్ అయి ఉంటే సరిగ్గా ఈ జబ్బే.

గేమ్ ఫోల్డర్‌లోని ఎంఎస్‌వీసీపీ140, వీసీరన్‌టైమ్140, వీసీరన్‌టైమ్140_1 మూడింటినీ కలిపి వేరే ఫోల్డర్‌కు తరలించండి. ఒక్కదాన్నే తీసేస్తే రెండు తరాలు కలగాపులగం అవుతాయి.

గేమ్‌లు, మాడ్‌లు తయారుచేసే మిత్రులకు: మీ ప్యాకేజీలో ఈ ఫైళ్లను విడిగా పెట్టడం మానండి, రీడిస్ట్రిబ్యూటబుల్‌ను నడిపించండి. పెట్టక తప్పదంటే మీ కంపైలర్ తరానికి తగ్గవి పెట్టండి, అప్‌డేట్ ఇచ్చిన ప్రతిసారీ మార్చండి.

#16 రైన్_తీరం

జర్మనీ నుంచి. యూరప్‌లో కొన్న ల్యాప్‌టాప్‌లో విండోస్ "ఎన్" (మీడియా భాగాలు లేని) ఎడిషన్ ఉంటే ఎంఎఫ్‌ప్లాట్.డీఎల్‌ఎల్ లేదని గేమ్‌లు ఆగుతాయి. సెట్టింగ్స్‌లో ఆప్షనల్ ఫీచర్స్‌కు వెళ్లి మీడియా ఫీచర్ ప్యాక్ చేర్చి రీస్టార్ట్ చేస్తే చాలు. ఎడిషన్ పేరు సెట్టింగ్స్, సిస్టం, అబౌట్‌లో ఉంటుంది.

#17 లినక్స్_లలిత

లినక్స్‌లో ఆడేవాళ్ల కోసం కొంచెం. అక్కడ ఇవే .ఎస్‌ఓ ఫైళ్లు. "రాంగ్ ఈఎల్‌ఎఫ్ క్లాస్" అని వస్తే అది మన 7బికి చుట్టం: 32 బిట్ గేమ్‌కు 64 బిట్ లైబ్రరీ దొరికింది. ఉబుంటులో ఐ386 ఆర్కిటెక్చర్ చేర్చి, గ్రాఫిక్స్ డ్రైవరు 32 బిట్ లైబ్రరీలు వేయాలి. ముఖ్యమైన తేడా: లినక్స్ తనంతట తాను ఈఎక్స్‌ఈ ఉన్న ఫోల్డర్‌లో వెతకదు. గేమ్‌లో ఆర్‌పాత్ (లైబ్రరీలు ఎక్కడ వెతకాలో చెప్పే దారి) రాసి ఉండాలి, లేదా ఎల్‌డీ లైబ్రరీ పాత్ అనే వేరియబుల్ ఇవ్వాలి. "జీఎల్‌ఐబీసీఎక్స్‌ఎక్స్ వెర్షను కనబడలేదు" అంటే గేమ్ తనతో తెచ్చుకున్న పాత లిబ్‌ఎస్‌టీడీసీ++ (సీ++ లైబ్రరీ) ముందు దొరికిందని ఎక్కువగా అర్థం. రావు గారు #15లో చెప్పిన కథకు ఇది అచ్చం జంట. గేమ్ ఫోల్డర్‌లోని ఆ ఒక్క ఫైలు పేరు మార్చి చూడండి.

ప్రోటాన్‌లో (వైన్ మీద కట్టిన, లినక్స్‌లో విండోస్ గేమ్‌లు నడిపే స్టీమ్ టూల్) డీఇన్‌పుట్8 లాంటి మాడ్ డీఎల్‌ఎల్‌ను పెట్టినా వైన్ తన సొంతదాన్నే వాడుకోవచ్చు. లాంచ్ ఆప్షన్స్‌లో వైన్‌డీఎల్‌ఎల్ఓవర్‌రైడ్స్ అనే వేరియబుల్‌కు "డీఇన్‌పుట్8=ఎన్,బీ" అని ఇస్తే ముందు ఫోల్డర్‌లోనిది, అది లేకపోతే వైన్‌ది తీసుకుంటుంది.

#18 గోదారి_గేమర్

రావు గారూ, చాలా థ్యాంక్స్. తప్పుడు ఫైలు తీసేసి రెండు ప్యాకేజీలూ వేశాక 64 బిట్ గేమ్ నడుస్తోంది. జూన్ 2010 ప్యాకేజీ విప్పి డీఎక్స్‌సెటప్ నడిపాను. డీ3డీఎక్స్ ఎర్రర్ పోయింది, కానీ పాత గేమ్ ఇప్పుడు ఫిజ్‌ఎక్స్‌లోడర్.డీఎల్‌ఎల్ అంటోంది. అది ఎన్విడియాది కదా, నాది ఏఎండీ కార్డు. ఈ గేమ్ ఇక ఆడలేనా?

#19 మాడ్_మల్లి

ఆడొచ్చండి. ఫిజ్‌ఎక్స్ చేసేది గేమ్‌లో వస్తువుల కదలికల లెక్కలు, అవి ఎన్విడియా కార్డు లేకపోతే ప్రాసెసర్ మీద నడుస్తాయి. ముందు గేమ్ ఫోల్డర్‌లోనే రీడిస్ట్, సపోర్ట్, ఫిజ్‌ఎక్స్ లాంటి పేరుతో ఉపఫోల్డర్ ఉందేమో చూడండి, ఇన్‌స్టాలర్ తరచుగా అందులోనే ఉంటుంది. లేకపోతే ఎన్విడియా సైటులో "ఫిజ్‌ఎక్స్ సిస్టం సాఫ్ట్‌వేర్" వేయండి. అది వేసినా అదే ఎర్రర్ వస్తే "లెగసీ" అన్న ఇంకో ప్యాకేజీ ఉంది, 2008లో ఎన్విడియా ఫిజ్‌ఎక్స్ పాత యజమాని ఏజియాను కొనకముందు నాటి గేమ్‌లకు అది కావాలి. రెండూ ఒకే సిస్టంలో ఉండొచ్చు. ఈ రెండు వేశాకా రాకపోతే ఫిజ్‌ఎక్స్‌లోడర్ గేమ్ ఫోల్డర్ నుంచే పోయిందన్నమాట. అప్పుడు గేమ్ ఫైళ్లను వెరిఫై చేయండి, డిస్కు నుంచి వేసినదైతే మళ్లీ ఇన్‌స్టాల్ చేయండి.